కలభాషిణి విద్య: కళాపూర్ణోదయంలో నాదం, రూపం, వాక్కు

ప్రస్తావన

కళాపూర్ణోదయ కథ ద్వారకలో ఒక ఉద్యానవనంలో, ఉయ్యాలలూగే యువతుల మధ్య మొదలవుతుంది. ఆ యువతులలో ముఖ్యురాలు కలభాషిణి. ఆమె వేశ్య, సంగీతంలో ప్రవేశం గలది. ఎనిమిది ఆశ్వాసాల ఈ ప్రబంధం ముగిసేనాటికి ఆమె మరొక జన్మలో మధురలాలస అనే రాజపుత్రిగా, కళాపూర్ణ చక్రవర్తి దేవిగా కనిపిస్తుంది. ఈ రెండు జన్మలకు నడుమ కథ ఎన్నో మలుపులు తిరుగుతుంది. నారదుడు, మణికంధరుడు, రంభ, నలకూబరుడు, మణిస్తంభుడు, సుముఖాసత్తి, అలఘువ్రతుడు, వీరందరి వృత్తాంతాలు ఒకదానిలో ఒకటి అల్లుకొని పోతాయి. అల్లిక ఎంత చిక్కనిదైనా, మొదటి నుంచి చివరి వరకు జన్మ మారినా కథను విడువని పాత్రలలో కలభాషిణి ప్రధానమైనది.

16వ శతాబ్దికి చెందిన పింగళి సూరన కథానిర్మాణ ప్రతిభను ఆధునిక విమర్శలో బలంగా ప్రతిష్ఠించిన గ్రంథం కట్టమంచి రామలింగారెడ్డి ‘కవిత్వతత్త్వ విచారము’ (1914). నాటి నుంచి కళాపూర్ణోదయ విమర్శలో కథాసంవిధానానికే పెద్దపీట. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షూల్మన్ 2002లో ప్రకటించిన ఆంగ్లానువాదం ‘ద సౌండ్ ఆఫ్ ద కిస్’ అన్న పేరుతోనే ఈ కావ్యంలో ధ్వనికి గల స్థానాన్ని గుర్తు చేసింది. ఆ ధ్వనిని సరస్వతీ బ్రహ్మల ఏకాంతఘట్టం నుంచి పరిశీలించటం ఒక మార్గం. ద్వారకలో వీణ పట్టిన కలభాషిణి నుంచి పరిశీలించటం మరొకటి. ఈ వ్యాసం రెండవ మార్గాన్ని అనుసరిస్తుంది. కలభాషిణికి సంగీతం మొదట రూపధారణ శక్తిని తెచ్చిపెట్టిందని, ఆ శక్తి ఆమెను తన విద్యకు దూరం చేసిందని, జన్మాంతరంలో రూపం మార్చుకోనవసరం లేని వాక్కుగా ఆ విద్య తిరిగి వచ్చిందని నిరూపించటం దీని ఉద్దేశం.

పురాణకథ, సూరన కల్పన

నారదుడు శ్రీకృష్ణుని అంతఃపురంలో సంగీతం నేర్చుకొన్న కథ సూరన సృష్టి కాదు. లింగపురాణంలోనూ అద్భుతరామాయణంలోనూ అది ఉంది. తుంబురునికి వైకుంఠంలో జరిగిన సన్మానం చూసి నారదుడు అసూయపడటం, గానబంధువనే గుడ్లగూబను ఆశ్రయించటం, ఆపైన ద్వారకకు వచ్చి జాంబవతి, సత్యభామ, రుక్మిణుల వద్ద శిక్షణ పొందటం ఆ కథలోని ఘట్టాలు. దేవర్షి అహంకారం అణగటం, శాస్త్రం తెలిసినంత మాత్రాన గానం పట్టుబడదని అతడు గ్రహించటం పురాణకథలోని సారం.

ఆ కథలో ఇద్దరే పక్షాలు: నేర్పేవారు, నేర్చేవాడు. రాణులు గురువులు, నారదుడు శిష్యుడు. సూరన అందులోకి మూడవ వ్యక్తిని ప్రవేశపెట్టాడు. నారదునికి వీణ అందిస్తూ, శుశ్రూష చేస్తూ, అతనితో పాటు రాణుల విద్యను అందుకొనే కలభాషిణి ఆ మూడవ వ్యక్తి. కథనానికి ఒక పాత్ర అదనంగా చేరటంతో ఈ మార్పు ఆగలేదు. విద్యకు సంబంధించిన దృష్టి మారిపోయింది. నారదునికి సంగీతం ఒక స్పర్ధ. తుంబురుని మించటం అతని లక్ష్యం. తాను ఎంత నేర్చినా ఆ కొలమానంతోనే చూసుకొంటాడు. అదే గురువుల వద్ద, అదే కాలంలో నేర్చుకొంటున్న కలభాషిణికి ఓడించవలసిన ప్రతిద్వంద్వి ఎవరూ లేరు. ఒకే పాఠం ఇద్దరు శిష్యులలో రెండు విధాలుగా ఫలిస్తుంది. ఒకరికి అది గెలుపుకు సాధనం, మరొకరికి అది చేతికందిన భాగ్యం.

ఇక్కడ గమనించదగిన మరో అంశం గురుస్థానంలో ఉన్నవారు రాజస్త్రీలు కావటం. భారతీయ కథాసాహిత్యంలో వీణ నేర్చిన రాజకుమార్తెలకు కొదువ లేదు. ఉదయనుని వద్ద వీణ నేర్చిన వాసవదత్త ప్రసిద్ధురాలు. వీణావాదంలో తనను ఓడించినవానినే వరిస్తానన్న గంధర్వదత్త జైనసాహిత్యంలోని జీవక కథలలో కనిపిస్తుంది. ఈ కథలలో సంగీతం వివాహానికి దారి. ఒకచోట అది ప్రణయానికి అవకాశమిస్తే, మరొకచోట వరపరీక్షగా మారుతుంది. కన్యకు విద్య ఉన్నా, ఆ విద్య చివరికి వరుని యోగ్యతను తేల్చటానికే ఉపయోగపడుతుంది. సూరన ద్వారకాఘట్టంలో రాణులు విద్యను బోధిస్తారు, వేశ్య ఆ విద్యను పొందుతుంది, దేవర్షి వారి ఎదుట విద్యార్థిగా కూర్చొంటాడు. వరుని ప్రసక్తి లేదు. స్త్రీల సంగీతం ఒక పురుషుని గుణపరీక్షకు పనిముట్టు కాకుండా, స్వతంత్రమైన విద్యగా నిలిచిన అరుదైన ఘట్టాలలో ఇది ఒకటి.

విద్య తెచ్చిన వరం

నారదునికి విద్య పూర్తయింది. కాని సందేహం తీరలేదు. తన గానాన్ని మెచ్చుకొన్న రాణులు మనసులో ఏమనుకొంటున్నారు? ఎదుట పలికిన ప్రశంసలో మర్యాద ఎంత, సత్యమెంత? దీనిని తెలుసుకొని రావటానికి నారదుడు కలభాషిణికి కోరిన రూపం ధరించే శక్తిని ఇచ్చాడు.

కావ్యంలోని మాయలన్నింటికీ బీజమైన ఈ వరం ఎక్కడ పుట్టిందో చూడాలి. ఇది తపస్సుకు ఫలం కాదు. యుద్ధానికి, వశీకరణానికి ఉద్దేశించినది కాదు. ఒక గాయకుని గురించిన నిజమైన అభిప్రాయాన్ని వినటానికి పుట్టిన శక్తి ఇది. రూపం మారటం కంటికి సంబంధించిన విషయమే అయినా, దాని ప్రయోజనం చెవికి సంబంధించినది. కలభాషిణి పరరూపం ధరించేది తాను కనబడటానికి కాదు, ఎదుటివారు దాపరికం లేకుండా మాట్లాడితే వినటానికి. నాదానికి సేవ చేయటానికి రూపం ఇక్కడ పరిచారిక అయింది.

నారదుడు ఈ పనికి ఆమెనే ఎన్నుకోవటంలో ఔచిత్యం ఉంది. అంతఃపురంలో ఆమెకు ప్రవేశం ఉందన్నది పైకి కనిపించే కారణం. వినబడిన మాటలో మెచ్చుకోలును, మొగమాటాన్ని వేరుచేసి చెప్పగలగటానికి సంగీతం తెలిసిన చెవి కావాలన్నది లోపలి కారణం. నారదుని విజయానికి అంతిమ ప్రమాణం ఆమె వినికిడి అయింది. తుంబురుని మించిన గాయకుడు కావాలనుకొన్న ఋషి ఒక వారకాంత చెవిని నమ్ముకోవలసి వచ్చింది. సూరన ఈ సంగతిని విడమరచి చెప్పకపోయినా, కథానుక్రమంలోనే అది స్పష్టమవుతుంది.

రూపం విద్యను కప్పివేయటం

అదే వరాన్ని కలభాషిణి రెండవసారి ఉపయోగించుకొన్న సందర్భం పూర్తిగా వేరు. రంభతో విమానంలో వెళ్తున్న నలకూబరుని ఆమె చూసింది, అతనిపై మనసు పడింది. మణిస్తంభుడనే సిద్ధుడు ఆమెను ఆకాశమార్గాన మృగేంద్రవాహన ఆలయానికి తీసుకొనిపోయి బలి ఇవ్వబోవటం, ఆ ఆపద నుంచి ఆమె బయటపడటం, ఆ పరిసరాల్లో నలకూబరుడు ఉన్నాడని తెలియటం వరుసగా జరుగుతాయి. ఆమె రంభ రూపం ధరించి అతనిని చేరింది. అతడు నిజానికి నలకూబరుడు కాడు. నారదశిష్యుడైన మణికంధరుడు. అతని తపస్సు భంగం చేయవచ్చిన రంభ కోసం అతడు నలకూబరుని రూపం ధరించి ఉన్నాడు.

సంస్కృతాంధ్ర కథలలో ఒకరు మరొకరి రూపం ధరించి మోసగించటం పరిచితమైన విషయమే. అహల్యావృత్తాంతం అందరికీ తెలిసినదే. సూరన చేసిన కొత్త పని మోసాన్ని రెండువైపులా నిలపటం. ఇద్దరిలో ఎవరూ తమ రూపంలో లేరు, ఇద్దరూ ఎదుటివారి రూపాన్ని నమ్మారు. ఈ ద్విగుణ భ్రాంతిని కథానిర్మాణ చమత్కారంగా విమర్శకులు మెచ్చుకొన్నారు. అది సమంజసమే. అయితే సంగీతం వైపు నుంచి చూస్తే ఈ ఘట్టానికి మరింత లోతు ఉంది.

అరువు తెచ్చుకొన్న రెండు రూపాలను తొలగించి చూస్తే మిగిలేది ఎవరు? ఒకే నారదుని వెంట ద్వారకలో ఉన్న ఇద్దరు సంగీతజ్ఞులు. ఒకరు దివ్యగానం తెలిసిన గంధర్వుడు, మరొకరు రాణుల విద్యను అందుకొన్న వేశ్య. ఒకరి గొంతు ఒకరికి తెలియనిది కాదు. అయినా ఒకరినొకరు గుర్తించలేదు. రాణుల మాటలోని సత్యాన్ని పసిగట్టటానికి వినియోగపడిన చెవి ఇక్కడ నిద్రపోయింది. మొదటిసారి వినటం కోసం రూపం మార్చుకొన్న స్త్రీ, రెండవసారి చూడటంతోనే తృప్తిపడింది. వరం అదే, దాని దిశ మారింది. విద్యకు పరిచారిక అయిన రూపం విద్యను కప్పివేసిన తెర అయింది.

దీనిని కలభాషిణి దోషంగా మాత్రమే పరిగణించటం సరికాదు. రంభకు, మణికంధరునికి కూడా ఇదే ప్రమాదం జరిగింది. పైగా సూరన ఈ భ్రాంతిని కేవలం శిక్షగా మార్చలేదు. ఆమె కోరుకొన్నది నలకూబరుని రూపం, ఆమెకు లభించినది సహాధ్యాయి. కంటి దృష్టితో అది పొరపాటు. తరువాతి జన్మలో ఆ మణికంధరుడే కళాపూర్ణుడై, ఆమె మధురలాలసయై దంపతులు కావటం గమనిస్తే, కన్ను చేసిన పొరపాటు నాదబంధానికే దారితీసిందని అర్థమవుతుంది. విద్యలో తోడైనవారు తమకు తెలియకుండానే ఒకరినొకరు చేరారు. తెలిసి చేరటానికి మరొక జన్మ కావలసి వచ్చింది.

ఈ సందర్భంలో శాలీన సుగాత్రుల వృత్తాంతం అప్రస్తుతం కాదు. శారదాదేవి సేవలో పూలతోటను పెంచే శాలీనునికి సర్వాభరణాలతో అలంకరించుకొని వచ్చిన భార్యపై కోరిక కలగదు. అలంకారాలు వదిలి తోటపనిలో అలసిన సుగాత్రిని చూసినప్పుడు అతని మనసు చలిస్తుంది. పైన పెట్టుకొన్న రూపం అనుబంధాన్ని అడ్డగిస్తుందని, పనిలో వెల్లడయ్యే స్వరూపం దానిని కలిగిస్తుందని ఈ ఉపకథ సూచిస్తుంది. ఈ దంపతులే తరువాత మణిస్తంభ సుముఖాసత్తులై, స్త్రీపురుషభావాలు తారుమారై కళాపూర్ణునికి జన్మనిస్తారు. కనుక ఈ ఉపకథ ప్రధానకథకు కారణం మాత్రమే కాదు, దాని ప్రధానప్రశ్నకు ముందుగా ఇచ్చిన దృష్టాంతం కూడా. కలభాషిణి రంభ రూపంలో పొందలేనిది సుగాత్రి తన సహజవేషంలో పొందింది.

‘కల’ శబ్దం, శిశువు మాట

సూరన పాత్రల పేర్లు అర్థరహితాలు కావు. బ్రహ్మ సరస్వతికి చెప్పిన కథ కావ్యగర్భంలో వెల్లడైనప్పుడు ఆ పేర్ల మర్మం బయటపడుతుంది. మదాశయుడు అంటే నా ఆశయం. రూపానుభూతి అంటే రూపాన్ని అనుభవించటం. వారికి పుట్టిన కుమార్తె మధురలాలస, మాధుర్యం పట్ల తీవ్రమైన కోరిక. బ్రహ్మ మనోగతం, సరస్వతీముఖ దర్శనం కలిసి ఆ కోరికను కన్నాయన్న భావం ఈ నామకరణంలో ఉంది. ఈ పేర్లను వివరించినవారు చాలామంది ఉన్నారు. వాటి సరసన కలభాషిణి పేరును నిలిపి చూడటం ఈ చర్చకు అవసరం.

‘కల’ శబ్దానికి మధురమై, స్పష్టంగా విడిపడని ధ్వని అని అర్థం. కోకిల కూతకు, కలహంస రుతానికి, వీణానాదానికి ఆ మాట వాడతారు. అర్థం కన్న ముందు వినబడే తీపి అది. కలభాషిణి అన్న పేరు సంగీతం నేర్చిన స్త్రీకి చక్కగా తగుతుంది. సంగీతం కూడా పదార్థంతో నిమిత్తం లేకుండా ఆనందాన్నిస్తుంది. అయితే కలధ్వనికి మరొక ప్రసిద్ధమైన ఆశ్రయం ఉంది. అది శిశువు పలుకు. మాటలు రాని పసిబిడ్డ చేసే ముద్దుచప్పుళ్లు అవ్యక్తమధురాలే. ఆ అర్థంలో ప్రతి శిశువూ కలభాషిణే.

కావ్యంలోని పరమాద్భుత ఘట్టాన్ని ఈ అర్థంతో తిరిగి చదవాలి. మదాశయ రూపానుభూతులు తమ పసిబిడ్డతో కళాపూర్ణుని సభకు వస్తారు. రాజు అలంకరించిన మణి వక్షఃస్థలానికి తాకగానే శిశువు పూర్వజన్మను స్మరించి, సుస్పష్టమైన వాక్యాలతో వృత్తాంతమంతా చెప్పటం మొదలుపెడుతుంది. తన శైశవం వల్ల కలభాషిణి కావలసినది, పూర్వజన్మలో నిజంగానే కలభాషిణి అయినది, ఇప్పుడు వ్యక్తభాషిణి అయింది. పేరుకు, వయసుకు, శక్తికి మధ్య సూరన ఏర్పరచిన ఈ సంబంధం యాదృచ్ఛికమని అనుకోవటం కష్టం. అవ్యక్తమధురమైన నాదం ఒక జన్మలో విద్య. అదే నాదం తరువాతి జన్మలో అర్థవంతమైన కథాకథనంగా వికసించింది.

రూపధారణ ఘట్టంతో పోల్చితే ఈ మార్పు మరింత స్పష్టమవుతుంది. ద్వారకలో వినటానికి ఆమెకు పరరూపం కావలసి వచ్చింది. అడవిలో కోరిక తీర్చుకోవటానికి పరరూపం కావలసి వచ్చింది. కళాపూర్ణుని సభలో చెప్పటానికి ఏ రూపమూ అక్కరలేదు. ఉన్న శరీరం శిశుశరీరం. లోకదృష్టిలో మాటకు పనికిరానిది. ఆ శరీరంతోనే ఆమె మాట్లాడింది. రూపం వాక్కుకు తగినదా కాదా అన్న ప్రశ్ననే కవి తోసిపుచ్చాడు. నాదం రూపాన్ని తెచ్చింది. రూపానుభూతి కడుపున పుట్టినది వాక్కుగా మారింది. పూర్వజన్మలో జరిగిన క్రమాన్ని ఉత్తరజన్మ ఈ విధంగా సరిదిద్దింది.

ఆ కథ ఎవరి సమక్షంలో చెప్పబడిందన్నది కూడా ముఖ్యమే. వింటున్నవాడు కళాపూర్ణుడు, అంటే పూర్వపు మణికంధరుడు. ఒకనాడు తప్పుడు రూపాలతో కలుసుకొని ఒకరినొకరు గుర్తించలేని ఇద్దరిలో ఒకరు చెబుతున్నారు, ఒకరు వింటున్నారు. అడవిలో నిద్రించిన చెవి సభలో మేల్కొన్నది. గుర్తింపు కన్ను ద్వారా జరగలేదు, కథాశ్రవణం ద్వారా జరిగింది. ఒకే ఋషి వెంట నడిచిన ఇద్దరి మధ్య జరగవలసిన గుర్తింపు అలాగే జరగటం సముచితం.

ఒక ఆక్షేపం

ఈ వాదానికి ఒక ఆక్షేపం రావచ్చు. కలభాషిణి సంగీతశిక్షణ కథను నడిపించటానికి సూరన ఉపయోగించిన సాధనమేనని, ఆమెలో కవి చిత్రించినది విద్వాంసురాలిని కాదు శృంగారనాయికనని అనవచ్చు. నలకూబరునిపై వ్యామోహమే ఆమె చర్యలకు ప్రేరకం కాదా అని అడగవచ్చు. ఆమె కోరిక బలమైనదన్న మాట నిజం. దానిని కాదనవలసిన అవసరం లేదు. అయితే కోరిక ఒక్కటే ఆమె కథకు మూలమైతే, రూపధారణ శక్తిని నలకూబరుని చేరటానికే నారదుడు ఇచ్చినట్లు కవి కల్పించవచ్చు. అందుకు ఏ అడ్డంకీ లేదు. సూరన ఆ మార్గాన్ని ఎన్నుకోలేదు. సంగీతశిక్షణను పూర్తిచేయించి, ఆ విద్యను గురించిన సత్యం వినటానికే వరాన్ని ఇప్పించి, ఆ తరువాతే దానిని కోరిక వైపు మళ్ళించాడు. ఈ క్రమాన్ని లెక్కలోకి తీసుకోకపోతే రెండు వినియోగాల మధ్య వ్యత్యాసం కనిపించదు.

సూరన మరొక కావ్యం కూడా ఈ సందర్భంలో తోడుకు వస్తుంది. ప్రభావతీప్రద్యుమ్నంలో నాయికానాయకుల మధ్య కార్యాన్ని నడిపినది శుచిముఖి అనే హంసి. వజ్రపురిలో ఉన్న ప్రభావతికి ప్రద్యుమ్నునిపై అనురాగం కలగటం ఆ హంసి మాటనేర్పు వల్ల జరిగింది. మనుష్యరూపం లేని ప్రాణికి వాగ్వైభవం కల్పించటం, మాట రాని శిశువుకు కథాకథనం కల్పించటం ఒకే కవిలో కనిపించే ఆలోచనకు రెండు రూపాలు. మాటకు అధికారం రూపం నుంచి వస్తుందా, విద్య నుంచి వస్తుందా అన్న ప్రశ్న సూరనను విడువని ప్రశ్న. రెండు అర్థాలను ఒకే పద్యశరీరంలో నిలిపిన రాఘవపాండవీయ కర్తకు, ఒక రూపంలో ఎన్ని స్వరూపాలు ఉండవచ్చునన్న ఆసక్తి సహజమే.

ముగింపు

కలభాషిణి మొదట వేశ్య, తరువాత రాజపుత్రి. ఈ మార్పును సాంఘికమైన ఉన్నతిగా మాత్రమే చదివితే, మొదటి జన్మను రెండవ జన్మకు మెట్టుగా చూడవలసి వస్తుంది. ఆమె విద్య వైపు నుంచి చదివితే ఆ వరుస తలకిందులవుతుంది. రాజపుత్రి సభలో పలికిన ప్రతి వాక్యం వేశ్య అనుభవం నుంచి వచ్చినది. అంతఃపురంలో విన్నది, అడవిలో మోసపోయినది, మృగేంద్రవాహన ఎదుట భయపడినది అంతా కలభాషిణియే. మణి ప్రభావం వల్ల మధురలాలసకు కొత్త జ్ఞానం రాలేదు. తనది కాకుండా పోయిన జ్ఞానం తిరిగి తనదైంది. రాజకన్య గౌరవం ఆమెకు సభలో చోటునిచ్చింది, చెప్పవలసిన కథను మాత్రం వీణ పట్టిన వారకాంత సంపాదించింది.

కళాపూర్ణోదయాన్ని కథాసంవిధానానికి ఉదాహరణగా బోధించటం విశ్వవిద్యాలయ తరగతులలో స్థిరపడిన పద్ధతి. ముడులు ఎలా పడ్డాయి, ఎలా విడ్డాయి అన్న ప్రశ్నకు అక్కడ చక్కని సమాధానం లభిస్తుంది. ఆ ముడులను విప్పి చెప్పినది ఎవరు, ఆ శక్తి ఆమెకు ఎక్కడిది అన్న ప్రశ్నను దానికి చేర్చితే, నారదుని సంగీతశిక్షణ ఘట్టం కథకు ఉపోద్ఘాతంగా కాక కథకు హృదయంగా కనబడుతుంది. నారదుడు అడిగిన ప్రశ్న తుంబురుని కన్నా తాను గొప్పవాడినా అన్నది. దానికి జవాబు తెచ్చిన కలభాషిణి ఆ జవాబుతో ఆగిపోలేదు. ఆమె నేర్చిన నాదం ఒక జన్మ దాటి, ఒక శిశువు నోట కథ అయింది.